ఎడమచేతి కోత

కిందటి వారం రమణమ్మను మంచె నిచ్చెన మీద నిలబెట్టి కథ ఆపాను. ఆవిడ పైన ఏం చూసిందో చెప్పకుండా ఆపడం అన్యాయమని కొందరు కోప్పడ్డారట. కోప్పడదగిందే. అందుకని ఈ వారం వేరే కబుర్లు పెట్టుకోకుండా ముందు అదే చెబుతాను.

భావనారాయణ మేష్టారి అంట్ల తోట ఆగిరిపల్లి దాటాక వస్తుంది. ఆయన బడిలో ముప్పై ఏళ్ళు లెక్కలు చెప్పి, రిటైరయ్యాక మామిడి మొక్కల మీద పడ్డారు. తోట నడిమధ్యన ఒక చిన్నరసం చెట్టుంది. అది తల్లిచెట్టు. దాని చుట్టూ సరుగుడు గుంజలతో మంచె కట్టి, మంచె మీద నూట ఇరవై మట్టి కుండీలు పెట్టారు. ఒక్కో కుండీలో ఒక టెంక మొక్క. ఆ మొక్క పక్కన కాస్త చెక్కి, తల్లిచెట్టు రెమ్మ పక్కన కాస్త చెక్కి, రెండు గాయాలనూ ఒకదానికొకటి ఆనించి అరటినారతో బిగించి కడితే రెండు నెలల్లో అవి ఒకటవుతాయి. అదే అంటు. ఆ తర్వాత రెమ్మను తల్లి నుంచి విడదీయాలి. అది ఒక్కరోజులో చేసే పని కాదు. ఒక వారం చిన్న గాటు, మరుసటి వారం సగం కోత, ఆపై వారం తెగకోత. పుట్టింటి నుంచి పిల్లను పంపినట్టు మెల్లగా పంపాలన్నమాట. ఆత్రపడి మొదటివారమే తెగ్గోస్తే రెమ్మ ఎండిపోతుంది. ఈ సంగతి ఆ తోటలో నీళ్ళు మోసేవాళ్ళకి కూడా తెలుసు.

ఆ నూట ఇరవై అంట్లూ రమణమ్మ ఒక్క చేతి మీద కట్టింది. చింతలపూడిలో సుబ్బరత్నమ్మ గారని ఒకావిడ మూడెకరాల్లో పొగాకు మానేసి మామిడి వేయదలుచుకుని, "రమణమ్మ కట్టిన అంట్లే కావాలి, ఇంకెవరివీ వద్దు" అని కార్డు రాసింది. మేష్టారు ఆ కార్డు తోటంతా చదివి వినిపించారు. అంతటితో ఊరుకోక నూజివీడు వెళ్ళి, రమణమ్మ అని పేరు కొట్టించిన రేకు బిళ్ళలు చేయించుకొచ్చి, ఒక్కో కుండీకి ఒకటి వేలాడదీశారు. ఆ రోజు నుంచి రమణమ్మ మొగుడు నరసింహులు ఇంట్లో అన్నం సరిగ్గా తినడం లేదు.

గురువారం నాడు రమణమ్మ మొదటి గాట్లు పెట్టింది. శుక్రవారం మేష్టారి మేనకోడలు పెళ్ళి. తోటలో వాళ్ళందరూ భోజనాలకి నూజివీడు వెళ్ళారు. కాపలా ముసలి పున్నయ్య మాత్రం ఉండిపోయాడు. జ్వరమని నరసింహులు ఇంట్లో పడుకున్నాడు. శనివారం పొద్దున్నే రమణమ్మ మంచె ఎక్కి చూస్తే నూట ఇరవై రెమ్మలూ తెగకోసి ఉన్నాయి. ఆకులు తలలు వేలాడేశాయి.

ఇదీ ఆవిడ చూసింది. కానీ ఆవిడను నిచ్చెన మీద నిలబెట్టేసింది ఇది కాదు. తెగిన ప్రతి రెమ్మ మీదా కోత ఎడమ నుంచి కుడికి ఏటవాలుగా దిగింది. కుడిచేతి వాళ్ళెవరు కోసినా అలా దిగదు.

ఆ తోటలో ఎడంచేత్తో కత్తి పట్టేవాడు ఒక్కడే. ఎడంచేతి నరసింహులంటే ఆగిరిపల్లి నుంచి చింతలపూడి దాకా ఒకప్పుడు తెలియనివాళ్ళు లేరు. మేష్టారి కంటే ముందు ఆ తోట ఎవరిదైతేనేం, పేరు మాత్రం నరసింహులుదే. కుర్రాళ్ళు పని నేర్చుకుందామని వచ్చి అతని పక్కన కూర్చునేవారు. చేతులు తిరగబడిపోయి, వేళ్ళు కోసుకుని లేచి వెళ్ళిపోయేవారు. పెళ్ళైన కొత్తలో రమణమ్మ పక్కన కూర్చోలేదు. ఎదురుగా కూర్చుంది. అద్దంలో చూసినట్టు, అతని ఎడం చెయ్యి ఎటు కదిలితే తన కుడి చెయ్యి అటు కదిపింది. ఆరు నెలల్లో నేర్చేసుకుంది. పని నేర్పినవాడు అప్పుడెంత పొంగిపోయాడని! మొగుడూ పెళ్ళాలు మోకాళ్ళు మోకాళ్ళు ఆనించుకుని ఎదురెదురుగా కూర్చుని పనిచేస్తుంటే చూడ్డానికి జనం వచ్చేవారు. ఆ సంవత్సరం ఇద్దరూ కలిసి కట్టిన మొదటి అంటు మొక్కే ఇప్పటి తల్లిచెట్టు. టెంక మొక్క మీద కోత అతనిది, రెమ్మ మీద కోత ఆవిడది. పదహారేళ్ళు దాటింది.

రమణమ్మ నిచ్చెన దిగేసరికి కింద మేష్టారు పున్నయ్య మీద విరుచుకుపడుతున్నారు.

"నిన్న ఈ తోటలో ఉన్నది నువ్వొక్కడివి. కళ్ళు కనపడవంటే పోనీలే అని కాపలా ఇచ్చాను. నీకు కనపడకపోతే వినపడదూ? నూట ఇరవై రెమ్మలు కోసుకుపోతుంటే చప్పుడు కాలేదా?"

నరసింహులుకి కత్తి పట్టడం నేర్పిన గురువు ఆ ముసలాయన. కళ్ళు మసకబారాక కత్తి వదిలి కర్ర పట్టుకున్నాడు. కర్ర రెండు చేతులా పట్టుకుని, మేష్టారి మాటలకి వానలో గొడ్డు తడిసినట్టు తడిసిపోతున్నాడు.

"సుబ్బరత్నమ్మ గారు పదకొండు గంటలకి దిగుతారు. ఆవిడ ముందు నిన్ను నిలబెడతాను. ఆ తర్వాత నీ దారి నువ్వు చూసుకో" అన్నారు మేష్టారు.

రమణమ్మ ఎవరితోనూ ఏమీ అనకుండా ఇంటికి నడిచింది.

నరసింహులు చూరుకింద కూర్చుని అరటినార చీలుస్తున్నాడు. గోళ్ళతో చీలుస్తున్నాడు. కూతురు రాధ బడికెళ్ళిపోయింది. పొయ్యి మీద గంజి అలాగే ఉంది.

"జ్వరం తగ్గిందా మావా?"

"తగ్గింది."

"పున్నయ్య తాతని పొమ్మంటున్నారు మేష్టారు."

అతని వేళ్ళు ఒక్క క్షణం ఆగాయి. మళ్ళీ కదిలాయి. "ముసలోడు కునుకు తీసుంటాడు. ఎవడో గోడ దూకి వచ్చుంటాడు."

"కోత చూశాను."

"చూస్తే?"

"చూస్తే ఏంటి మావా? నీకెదురుగా కూర్చుని నేర్చుకున్నదాన్ని. నీ కోత ఎటు దిగుద్దో నాకు కాక ఎవరికి తెలుసు?"

నరసింహులు నార కింద పెట్టాడు. బుకాయిస్తాడేమో అనుకుంది రమణమ్మ. బుకాయించలేదు. ఒక విధంగా అది అతని గొప్పే. అతని కోతను ఇంకొకడి కోత అనడానికి అతనికి కూడా నోరు రాలేదు.

"ఆ రేకులెందుకు కట్టనిచ్చావు?" అన్నాడు.

"నేను కట్టమన్నానా?"

"వద్దని కూడా అనలేదుగా. రమణమ్మ, రమణమ్మ, రమణమ్మ. మంచె కింద నుంచి నడుస్తుంటే నూట ఇరవైసార్లు నెత్తికి తగుల్తున్నయ్యి. జంక్షన్‌లో టీ కొట్టుకెళ్తే లారీవోడు 'నువ్వు రమణమ్మ గారి మొగుడివి కదూ' అన్నాడు. నన్ను! ఎడంచేతి నరసింహుల్ని! టీ కింద పెట్టేసి వచ్చేశాను."

ఆ టీ గురించి అతను చెప్పిన తీరు చూస్తే రమణమ్మకి నవ్వూ వచ్చింది, ఏడుపూ వచ్చింది. రెండూ మింగేసింది.

పాఠకులకి ఇక్కడ ఒక మాట చెప్పాలి. అంట్లు కట్టేవాళ్ళకి ఎవరి ముడి వాళ్ళకుంటుంది. నార చివర వేసే ముడిని బట్టి ఇది ఫలానావాడి అంటు అని గుర్తుపడతారు. నరసింహులుది జంట ముడి. రమణమ్మ పని నేర్చినప్పటి నుంచి తను కట్టిన ప్రతి అంటుకీ మొగుడి జంట ముడే వేసింది. అతని నడుం పట్టేసి రెండేళ్ళు మంచె ఎక్కలేని రోజుల్లో కూడా, తోటలో అంట్లన్నీ ఆవిడే కట్టి, జంట ముడే వేసింది. ఆ రెండేళ్ళ మొక్కలే ఇప్పుడు చింతలపూడి వైపు విరగకాస్తున్నాయి. కాసింది ఎవరి చేతి మొక్కో ఆనోటా ఈనోటా సుబ్బరత్నమ్మ గారికి తెలిసింది.

"పదహారేళ్ళు నీ ముడే వేశాను. నా పేరేదని ఒక్కనాడన్నా అడిగానా?" అంది రమణమ్మ.

"అడగలేదు. అదే నన్ను తినేస్తోంది. అడిగుంటే ఇచ్చేవోణ్ణి. ఇచ్చానని గొప్పగా చెప్పుకునేవోణ్ణి. నువ్వు అడక్కుండానే లోకం నీకిచ్చేసింది. ఇంక నేనివ్వడానికేం మిగిలింది?"

అసూయ గురించి పెద్ద పెద్ద మాటలు చెప్పేవాళ్ళు చాలామంది ఉంటారు గానీ, దాన్ని ఇంత తిన్నగా ఒప్పుకున్న మొగుణ్ణి నేనైతే చూడలేదు. ఒప్పుకున్నంత మాత్రాన చేసిన పని చిన్నదైపోదు. పెళ్ళాం మరొకడి వంక చూసిందని కుళ్ళుకునే మగవాడికి కనీసం నిద్రపోయేటప్పుడైనా విశ్రాంతి ఉంటుంది. పెళ్ళాం చేతిపని చూసి కుళ్ళుకునేవాడికి అదీ లేదు. తినే అన్నం ఆ చెయ్యి వండిందే.

"నూట ఇరవై ప్రాణాలు మావా" అంది రమణమ్మ. "నా పేరు మీద కోపముంటే బిళ్ళలు పీకి బావిలో పారెయ్యలేకపోయావా? మొక్కలేం చేశాయి?"

అతను కింద పెట్టిన నార మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు.

"నా నోటితో నీ పేరు చెప్పను. నీ మీద జాలితో కాదు. ఆ తోటలో పదిమంది ముందు నిలబడి, నా చెయ్యి చెడ్డది కాదు, నా మొగుడి బుద్ధి చెడ్డది అని చెప్పుకునే గతి నాకు పట్టలేదు. నువ్వే వచ్చి చెప్పు. పదకొండు దాకా టైముంది."

"చెప్పకపోతే?"

"పున్నయ్య తాత మాత్రం గేటు దాటడు" అని రమణమ్మ వెనక్కి తిరిగింది.

సుబ్బరత్నమ్మ గారు పదకొండుకి పది నిమిషాల ముందే వచ్చింది. జంక్షన్‌లో బస్సు మారి, నూజివీడులో రిక్షా మాట్లాడుకుని, నల్ల గొడుగు వేసుకుని దిగింది. యాభై దాటిన మనిషి. మొగుడు పోయాక పొలం మొత్తం ఒంటిచేత్తో చేయించుకుంటోంది. ఎవరిచేతా ఏ మాటా రెండోసారి చెప్పించుకోదు. మేష్టారు ఆవిడకి కుర్చీ వేయించి, మజ్జిగ తెప్పించి, నమస్కారాలు పెట్టి, చెప్పలేక చెప్పలేక చెప్పారు. ఆవిడ మజ్జిగ ముట్టుకోకుండా లేచి, మంచె కిందకు వెళ్ళి, వాడిన ఆకులు పట్టుకుని చూసింది.

"ఎవరు చేశారు?"

"ఈ ముసలాయన కాపలా ఉన్నాడండీ. అడిగితే నోరు విప్పడు. ఇవ్వాళే పంపించేస్తున్నాను."

పున్నయ్య కర్ర తీసి మేష్టారి కాళ్ళ దగ్గర పెట్టాడు. కాపలా వాళ్ళు పని వదిలేటప్పుడు అలాగే పెడతారు. కర్ర లేకపోయేసరికి ముసలాయనకి ఎటు నడవాలో తెలియలేదు. కండువా చివర ఏదో చిన్న ముడి ఉంటే దాన్ని గుప్పిట్లో పట్టుకుని నిలబడిపోయాడు. నీళ్ళు మోసే ఆడవాళ్ళు ముక్కులు ఎగబీల్చారు.

నరసింహులు అప్పటికే వచ్చి ఉన్నాడు. గేటు దగ్గర, అందరి వెనకా.

రమణమ్మ అతని వంక చూసింది. అతను తల దించుకున్నాడు. ఇంకాస్సేపు చూసింది. ఎత్తలేదు.

అప్పుడు ముందుకొచ్చి కర్ర తీసి పున్నయ్య చేతికిచ్చింది. "ఇది పట్టుకో తాతా" అంది. మేష్టారి వైపు తిరిగింది.

"బిళ్ళ మీద నా పేరుంది మేష్టారూ. పోయినవి నావి. జవాబు చెప్పాల్సింది నేను, తాత కాదు."

"నువ్వు కోశావా ఏంటి?"

"నేను కొయ్యలేదండీ. ఎవరు కోశారో చెప్పను కూడా చెప్పను. అమ్మగారికి ఒక్కటి చూపిస్తాను. ఆ తర్వాత మీ ఇష్టం." నడుంలో దోపుకున్న కత్తి తీసి తెరిచింది. "మావా, ఇలా రా. ఎండిన రెమ్మ ఒకటి కోసి చూపించు. అంటుకోత అంటే ఎలా ఉంటుందో అమ్మగారు చూస్తారు. ఈ తోటలో నీ అంత బాగా కోసేవాళ్ళు లేరుగా."

జనం దారి ఇచ్చారు. నరసింహులు నడిచొచ్చాడు. ఆ నాలుగడుగుల్లో అతని నడక కూడా మారింది. ఛాతీ కాస్త పైకొచ్చింది. ఎన్నాళ్ళకో అతన్ని పదిమంది ముందు పనిచేసి చూపించమన్నారు. పాపం, ఆ ఒక్క క్షణం అతనికి ఏం జరుగుతోందో గుర్తులేదు. రమణమ్మ చేతిలోంచి కత్తి తీసుకున్నాడు. రెమ్మ పట్టుకున్నాడు.

అప్పుడు గుర్తొచ్చింది. ఎడం చెయ్యి కోస్తే కోత ఎటు దిగుతుందో, పైన నూట ఇరవై కోతలు ఎటు దిగాయో.

కత్తి కుడిచేతిలోకి మార్చుకున్నాడు.

నరసింహులు కుడిచేత్తో అన్నం తినడం చూసినవాళ్ళున్నారు గానీ, కుడిచేత్తో కత్తి పట్టడం చూసినవాళ్ళు ఒక్కరూ లేరు. కత్తి రెమ్మ మీద జారి, బొటనవేలిలో దిగింది. నెత్తురు కారింది. మేష్టారికి అంట్ల పని రాదు గానీ లెక్క కట్టడం వచ్చు. ఆయన మొహం పాలిపోయింది. ఆడవాళ్ళలో ఒకావిడ "అయ్యో నరసింహులూ" అంది. ఆ మాటలో తిట్టు లేదు. తిట్టుంటే బాగుండేది.

"కోసింది నేనే" అన్నాడు నరసింహులు.

సుబ్బరత్నమ్మ గారు గొడుగు మూసింది. "ఎందుకయ్యా? నేను నీకేం చేశాను?"

"మీరేం చెయ్యలేదమ్మా. నా పని నాకంటే బాగా చేసే మనిషి నా ఇంట్లోనే ఉంది. ఊళ్ళో ఉంటే పోటీ పడేవోణ్ణి. పరాయోడైతే కొట్లాడేవోణ్ణి. పెళ్ళాంతో ఏం కొట్లాడను? నేర్పింది నేనేనమ్మా. ఆ మాట మాత్రం ఎవరూ అనరేం?"

అని ఏడ్చాడు. అంత మగవాడు అందరి ముందూ ఏడ్చేసరికి కొందరు అటు తిరిగారు. రమణమ్మ తిరగలేదు. అతను ఎవరైనా అంటే బాగుండుననుకున్న ఆ మాట తను అంది. గట్టిగానే అంది.

"నాకు నేర్పింది మా మావే. ఇక్కడున్న అందరూ వినండి. నా చెయ్యి గొప్పదంటే అది ఆయన చెయ్యి గొప్ప. అది నేనెప్పుడూ దాచలేదు, ఇప్పుడూ దాచను. కానీ చేసిన పాపం మాత్రం ఆయనదే, నాది కాదు."

మేష్టారు "నువ్వింక తోటలో కాలు పెట్టడానికి వీల్లేదు" అని అరవబోయారు. రమణమ్మ ఆయన్ని చేత్తో ఆపింది. కూలి మనిషి అలా చెయ్యి అడ్డం పెట్టడం ఆయనకి ఆ జన్మలో మొదటిసారి. ఆగిపోయారు.

"అమ్మగారూ, పోయింది రెమ్మలే. కుండీల్లో టెంక మొక్కలు వాటి వేళ్ళ మీద అవి బతికే ఉన్నాయి. తల్లిచెట్టుకి ఇంకా లేత రెమ్మలున్నాయి. వాన పదును ఇంకో వారం ఉంటుంది. ఈ ఏడు రోజుల్లో మళ్ళీ కట్టేస్తే సంక్రాంతి లోపల మీ మొక్కలు మీకిస్తాను. వారం దాటితే మళ్ళీ ఏడాదే."

"ఒక్కదానివి ఏడు రోజుల్లో నూట ఇరవై కడతావా?"

"కట్టలేనండీ. మొన్న కట్టడానికి నాకు పద్నాలుగు రోజులు పట్టింది. రెండు చేతులు కావాలి."

సుబ్బరత్నమ్మ గారు ఆవిడ మొహంలోకి చూసింది. తర్వాత నరసింహులు మొహంలోకి చూసింది. "గోతులు తీయించేశాను. నీ చేతి మొక్కలు వచ్చేదాకా ఖాళీగానే ఉంచుతాను. రెండో చెయ్యి ఎవరిదో నువ్వే చూసుకో" అని కుర్చీలో కూర్చుని, అప్పుడు మజ్జిగ తాగింది.

రమణమ్మ మొగుడి ఎదుటికి వచ్చి నిలబడింది. అతని చేతిలోంచి కత్తి తీసుకుని నడుంలో దోపుకుని, చెంగు చింపి అతని బొటనవేలికి కట్టు కట్టింది. ప్రేమగా కట్టిందని చెప్పను. అంటు కట్టినట్టు, గాలి దూరకుండా కట్టింది.

"ఎదురుగా కూర్చుంటావా మావా? పాతరోజుల్లోలాగా?"

అతను తల ఊపాడు.

"జంట ముడి వేసుకో. నీ ముడి నీదే. కానీ ప్రతి కుండీకీ నా బిళ్ళ నీ చేత్తోనే కట్టాలి. ఒక్కటి తక్కువైనా ఒప్పుకోను."

నరసింహులు ఎడం చెయ్యి చాచాడు, కత్తి ఇమ్మని. నీళ్ళు మోసే ఆడవాళ్ళు ఊపిరి వదిలారు. కథ ఇక్కడ ఆపేస్తే అందరూ సంతోషంగా మజ్జిగ తాగి ఇళ్ళకి వెళ్ళేవారు. నాకూ శ్రమ తగ్గేది.

"ఇవ్వకమ్మా."

అప్పటిదాకా ఒక్క మాట మాట్లాడని పున్నయ్య అన్నాడా మాట.

"నేను కాపలా ఒదిలేసి పోదామనుకున్నా. వాడికి కత్తి పట్టడం నేర్పిన పాపానికి ఆ నింద నా మీద వేసుకుని పోదామనుకున్నా. రెమ్మలంటే మళ్ళీ వస్తయ్. కానీ ఆ చేతికి కత్తి ఇచ్చే ముందు, తల్లిచెట్టు మొదట్లో ఆకులు తీసి చూడు."

రమణమ్మ నరసింహులు వంక చూసింది. చాచిన చెయ్యి అలాగే ఉంది గానీ అతని కళ్ళు మూసుకుపోయాయి.

చెట్టు మొదట్లో ఎండాకులు పోగుపోసి ఉన్నాయి. గాలికి పడ్డ ఆకులు అంత పొందిగ్గా పోగవ్వవు. రమణమ్మ మోకాళ్ళ మీద కూర్చుని రెండు చేతులా ఆకులు లాగేసింది. కాండం చుట్టూ బెత్తెడు వెడల్పున బెరడు ఒలిచేసి ఉంది. తెల్లటి కొయ్య కనబడుతోంది. చెట్టుకి చుట్టూ బెరడు తీసేస్తే ఇవాళ కాకపోయినా ఏడాదికి నిలువునా ఎండిపోతుంది. పదహారేళ్ళ కిందట ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని కట్టిన అంటు మచ్చ ఆ ఒలిచిన పట్టీకి జానెడు పైన, ఇప్పటికీ కనబడుతోంది.

ఆవిడ వేళ్ళు ఆ తెల్లటి కొయ్య చుట్టూ తడుముకుంటూ వెళ్ళాయి. వెనక వైపు ఒకచోట ఆగాయి. అక్కడ బెరడు మిగిలి ఉంది. చిటికెన వేలంత. కింద నుంచి పైకి, తెగకుండా.

ఆ చిటికెన వేలంత బెరడు పట్టుకుని రమణమ్మ కొండంత ఆశ కట్టుకుంది. నేను ఆవిడను తప్పు పట్టను. మీరూ కట్టుకునే ఉంటారు.

"ఇంత వదిలేశావు మావా" అంది. "చుట్టూ ఒలిచి, ఇక్కడికొచ్చి ఆగిపోయావు. ఎందుకాగావు?"

ఒక్క అబద్ధం చాలు. చేతులు రాలేదు అంటే చాలు. మన చెట్టు కదా అంటే చాలు. తోటంతా ఆ మాట కోసమే చూస్తోంది. మేష్టారు కూడా.

నరసింహులు కళ్ళు తెరిచాడు.

"నేను ఆగలేదు రవణా" అన్నాడు. "అక్కడికొచ్చేసరికి కత్తి విరిగింది."

పున్నయ్య కండువా కొస ముడి విప్పాడు. గోరంత ఇనుప ముక్క ఎండాకుల మీద పడింది. ఎడంచేతి వాటానికి నూరిన మొన.

రమణమ్మ దాన్ని తీసి అరచేతిలో పెట్టుకుంది. మంచె మీద నూట ఇరవై కుండీలున్నాయి. ఏడు రోజులున్నాయి. వేలెడు బెరడు మీద నిలబడ్డ చెట్టు ఒకటుంది. ఈ లోకంలో తనకి ఎదురుగా కూర్చోగలిగిన చెయ్యి ఒకే ఒక్కటుంది. ఆ చెయ్యి మొదటిసారి మొత్తం నిజం చెప్పి, ఇంకా చాచే ఉంది.

ఆవిడ లేచి అతని ఎదుట నిలబడి, నడుంలోంచి కత్తి తీసి, ఇంకా ఇవ్వకుండా పిడి బిగించి పట్టుకుంది.